క్రియాటినిన్ నార్మల్ అన్నారు, మూత్రంలో ప్రొటీన్ ఎందుకు పోతోంది?

ప్రశ్న: మాది నల్లగొండ జిల్లా మర్రిగూడ మండలం. వ్యవసాయం చేస్తాను. వయసు 52, బరువు 60 కిలోలు. ఎనిమిదేళ్లుగా షుగర్ ఉంది, గోళీలు వాడుతున్నాను. మోకాళ్లు, నడుము నొప్పులు చాలాకాలంగా ఉన్నాయి. నొప్పి ఎక్కువైనప్పుడల్లా ఊళ్లో ఆర్‌ఎంపీ దగ్గర గోళీలు తెచ్చుకుంటాను. ఈమధ్య మూత్రంలో నురగ కనిపిస్తే పరీక్ష చేయించాను. ప్రొటీన్ 2+ వచ్చింది. క్రియాటినిన్ 1.0 ఉంది. ల్యాబ్‌లో 'క్రియాటినిన్ నార్మలే, ఏం కాదు' అన్నారు. చుట్టాలేమో కిడ్నీలు పోయినట్టే, పప్పు, గుడ్డు మానెయ్యమంటున్నారు. రెండు వారాలుగా మానేశాను. నిజంగా కిడ్నీలు పోయాయా? మా అబ్బాయికి 24 ఏళ్లు, వాడికీ పరీక్ష చేయించాలా?

జవాబు: మీ కిడ్నీలు పోలేదు. అలాగని 'ఏం కాదు' అన్న మాట నమ్మి ఊరుకోకండి. క్రియాటినిన్ అంటే కిడ్నీలు రక్తంలోంచి వడకట్టి బయటికి పంపే ఒక మలినం. మీ రిపోర్టులో నేను ముందుగా చూసేది అది కాదు, ప్రొటీన్ పక్కనున్న ఆ రెండు ప్లస్‌లే.

ఒక్కో కిడ్నీలో సుమారు పది లక్షల సన్నని వడపోత గుత్తులు ఉంటాయి. రక్తంలోని మలినాలను ఇవి మూత్రంలోకి వదిలేస్తాయి, ప్రొటీన్‌ను మాత్రం లోపలే ఆపుకుంటాయి. రోజు మొత్తం మీద 150 మిల్లీగ్రాముల లోపు ప్రొటీన్ మూత్రంలో పోవడం మామూలే. షుగర్, బీపీ ఏళ్ల తరబడి అదుపులో లేకపోతే ఈ గుత్తుల గోడలు దెబ్బతిని, ఆల్బుమిన్ అనే ప్రొటీన్ జారిపోతుంది. నురగ వచ్చేది అందుకే. ఈ దశలో మిగిలిన గుత్తులు ఎక్కువ పని చేసి లోటు పూడుస్తాయి కాబట్టి క్రియాటినిన్ పెరగదు. కిడ్నీ పనితీరు దాదాపు సగం తగ్గేదాకా అది నార్మల్‌గానే కనిపించవచ్చు. డయాలసిస్ దాకా వచ్చిన వాళ్లలో చాలామంది 'మొన్నటిదాకా నార్మల్ అన్నారు కదా సార్' అని అడుగుతారు. ఆ మాట విన్నప్పుడల్లా మనసుకు కష్టంగా ఉంటుంది. ఆ 'మొన్నటిదాకా' ఉన్న కాలంలోనే వైద్యానికి ఎక్కువ ఫలితం ఉండేది. మీరిప్పుడు ఆ కాలంలోనే ఉన్నారు.

అయితే మూత్రంలో పట్టీ ముంచి రంగు చూసే ఒక్క స్ట్రిప్ పరీక్షతో జబ్బు ఖాయం చేయకూడదు. జ్వరం, మూత్రంలో ఇన్‌ఫెక్షన్, పరీక్షకు ముందు బాగా ఒళ్లు అలిసే పని, వీటిలో ఏది ఉన్నా కొన్నాళ్లు ప్రొటీన్ పోవచ్చు. ఎండలో నీళ్లు తాగక మూత్రం చిక్కబడ్డా ప్లస్‌లు ఎక్కువగా కనిపిస్తాయి. అందుకే ఆల్బుమిన్-క్రియాటినిన్ రేషియో పరీక్ష చేయించండి. పొద్దున లేవగానే వచ్చే మొదటి మూత్రం ఇవ్వండి. రిపోర్టులో (గ్రాముకు మిల్లీగ్రాముల లెక్కన) 30 లోపు ఉంటే ఫర్వాలేదు. 30 నుంచి 300 మధ్య ఉంటే దెబ్బ మొదలైనట్టు, 300 దాటితే బాగా ముదిరినట్టు. మూడు నెలల్లో మూడుసార్లు చేయిస్తే కనీసం రెండుసార్లు ఎక్కువ రావాలి, అప్పుడే నిర్ధారణ. దాంతోపాటు బీపీ, హెచ్‌బీఏ1సీ (మూడు నెలల షుగర్ సగటు), పొటాషియం, కిడ్నీల అల్ట్రాసౌండ్ చూడాలి. కంటి రెటీనా పరీక్ష తప్పకుండా చేయించండి. షుగర్ వల్ల కిడ్నీ దెబ్బతిన్నవాళ్లలో చాలామందికి రెటీనాలోనూ మార్పులు ఉంటాయి. కన్ను శుభ్రంగా ఉండి ప్రొటీన్ మాత్రం ఎక్కువగా పోతుంటే వేరే కిడ్నీ జబ్బు ఉందేమోనని వెతకాలి. ఒక్కోసారి బయాప్సీ (కిడ్నీ నుంచి చిన్న ముక్క తీసి పరీక్షించడం) కూడా అవసరం కావచ్చు.

ఇక మీ నొప్పి గోళీల సంగతి. నాకు షుగర్ కన్నా వీటి గురించే ఎక్కువ ఆందోళనగా ఉంది. మీ మర్రిగూడ ప్రాంతంలో దశాబ్దాల పాటు ఫ్లోరైడ్ ఉన్న బోరు నీళ్లు తాగారు. కీళ్లు బిగుసుకుపోవడం, నడుము వంగకపోవడం అక్కడ చాలామందికి ఉన్న బాధ. ఆ నొప్పి భరించలేక డైక్లోఫినాక్, ఎసిక్లోఫినాక్, ఐబుప్రొఫెన్ లాంటి గోళీలు ఏళ్ల తరబడి మింగుతారు. ఇవి కిడ్నీకి రక్త ప్రసారాన్ని తగ్గిస్తాయి. చేలో చెమటలు కారి ఒంట్లో నీళ్లు తగ్గినప్పుడు మింగితే మరీ ప్రమాదం. పైగా ఒంట్లో చేరిన ఫ్లోరైడ్ బయటికి పోయేది ప్రధానంగా మూత్రం ద్వారానే. కిడ్నీ నీరసిస్తే అది ఎముకల్లో ఇంకా పేరుకుంటుంది. కాబట్టి తాగడానికీ వంటకూ బోరు నీళ్లు వద్దు, మిషన్ భగీరథ కుళాయి నీళ్లే వాడండి. ఆ గోళీలు ఈరోజే ఆపండి. నొప్పికి పారాసిటమాల్, కాపడం, ఫిజియోథెరపీ ఎంతవరకు పనికొస్తాయో ముందు చూడండి. పాదరసం కలిపిన భస్మాలు, పేరు లేని నాటు మందుల జోలికి అసలు పోవద్దు. వాటితోనే మూత్రంలో ప్రొటీన్ పోయే కిడ్నీ జబ్బు కొత్తగా రావచ్చు.

పప్పు, గుడ్డు మానడం తప్పు. మూత్రంలో ప్రొటీన్ పోయేది తిండి ఎక్కువై కాదు, వడపోత దెబ్బతిని. తిండి మానితే కండలు కరిగి నీరసపడతారు. కిలో బరువుకు 0.8 గ్రాముల లెక్కన మీకు రోజుకు సుమారు 48 గ్రాముల ప్రొటీన్ కావాలి. రెండు పూటలా పప్పు, ఒక గుడ్డు, కాస్త పెరుగు నిశ్చింతగా తినండి. ప్రొటీన్ పౌడర్లు మాత్రం వద్దు. తగ్గించాల్సింది ఉప్పు. రోజుకు అయిదు గ్రాములు, అంటే ఒక చిన్న చెంచా మించకూడదు. తొక్కు, అప్పడాలు, మిర్చి బజ్జీలో ఉన్నదీ అందులో కలిపే లెక్క. అన్నంలో తొక్కు లేకపోతే ముద్ద దిగదని నాకు తెలుసు, అయినా వారానికి ఒకటి రెండుసార్లకు తగ్గించండి.

నిర్ధారణ అయితే మందులు ఉన్నాయి. టెల్మిసార్టాన్, లోసార్టాన్, రామిప్రిల్ లాంటి బీపీ మందుల్లో ఏదో ఒకటి ప్రొటీన్ పోవడాన్ని తగ్గిస్తుంది. మొదలుపెట్టిన రెండు వారాల్లోపు క్రియాటినిన్, పొటాషియం మళ్లీ చూడాలి. క్రియాటినిన్ కొంచెం పెరిగితే భయపడి మీరే మందు మానేయకండి, డాక్టర్‌ను అడగండి. డాపాగ్లిఫ్లోజిన్, ఎంపాగ్లిఫ్లోజిన్ అనే గోళీలు షుగర్‌ను తగ్గించడంతో పాటు కిడ్నీని, గుండెను కూడా కాపాడతాయి. ప్రొటీన్ పోతున్నవాళ్లకు గుండెపోటు, పక్షవాతం ముప్పు కూడా ఎక్కువ, కాబట్టి కొలెస్ట్రాల్ చూపించుకోండి, బీడీ ఉంటే మానండి. బీపీ 130/80 లోపు ఉండాలి. వాంతులు, విరేచనాలు పట్టుకున్న రోజు ఈ మందులు ఆపాలో వద్దో వెంటనే ఫోన్ చేసి కనుక్కోండి.

షుగర్ లేని వాళ్లకూ ప్రొటీన్ పోతుంది. గర్భిణికి 20 వారాల తర్వాత బీపీ 140/90కి చేరి ప్రొటీన్ కనిపిస్తే అదే రోజు ఆసుపత్రికి తీసుకెళ్లాలి. పిల్లలకు పొద్దున లేవగానే ముఖం, కళ్ల కింద వాపు వస్తే నెఫ్రోటిక్ సిండ్రోమ్ (మూత్రంలో ప్రొటీన్ బాగా పోయే జబ్బు) కావచ్చు, చాలామందికి స్టిరాయిడ్ మందుతో తగ్గుతుంది. ఒంట్లోని రక్షణ వ్యవస్థే ఒంటి మీద దాడి చేసే లూపస్ అనే జబ్బులోనూ ప్రొటీన్ పోతుంది. మైలోమా అనే రక్త క్యాన్సర్‌లో పోయే ప్రొటీన్‌ను మామూలు స్ట్రిప్ సరిగా పట్టుకోదు. ఎముకల నొప్పితో పాటు రక్తం కూడా తగ్గిపోతుంటే ఆ పరీక్షలు విడిగా చేయించాలి. మీకు నడుము నొప్పి ఉంది కాబట్టి హిమోగ్లోబిన్ ఒకసారి చూపించుకోండి.

కాళ్ల వాపు, ఆయాసం, మూత్రం తగ్గడం, ఎర్రగానో డికాషన్ రంగులోనో రావడం, వీటిలో ఏది కనిపించినా ఆగవద్దు. అవేమీ లేకపోతే ఈ వారంలో నల్లగొండ ప్రభుత్వ ఆసుపత్రిలో జనరల్ మెడిసిన్ డాక్టర్‌ను కలవండి. అవసరమైతే వాళ్లే నెఫ్రాలజిస్టు (కిడ్నీ డాక్టర్) దగ్గరికి పంపిస్తారు. ఇన్నాళ్లూ వాడిన నొప్పి గోళీల ఖాళీ స్ట్రిప్పులు వెంట తీసుకెళ్లండి.

మీ అబ్బాయికి ముందు బీపీ, షుగర్ చూపించండి. రెండూ బాగుంటే మూత్రం పరీక్ష ఒకసారి చేయిస్తే చాలు. వాటిలో ఏది తేడా ఉన్నా ఏడాదికోసారి తప్పదు.