పోక్సో కేసులో బెయిల్ అసలు రాదా?

పోక్సో, అంటే పిల్లలపై లైంగిక నేరాల చట్టం కింద కేసు పెడితే ఇక బెయిల్ రాదంటారు, నిజమేనా అన్నది ప్రశ్న. నిజం కాదు. 2012 నాటి ఈ చట్టంలో బెయిల్‌కంటూ వేరే షరతులేవీ లేవు, ప్రత్యేక కోర్టు మామూలు క్రిమినల్ ప్రొసీజర్, అంటే ఇప్పటి బీఎన్‌ఎస్‌ఎస్ ప్రకారమే చూస్తుంది. కాకపోతే తేలిగ్గా మాత్రం ఇవ్వరు.

అసలు చిక్కు సెక్షన్ 29తో. తీవ్రమైన నేరాల్లో నిందితుడు తప్పు చేశాడనే ముందుగా అనుకోవాలి, కాదని అతనే నిరూపించుకోవాలి అంటుంది అది. మరి బెయిల్ దశలో కూడానా? కోర్టు అభియోగాలు (ఛార్జెస్) ఖరారు చేశాకే అది వర్తిస్తుందని 2020లో ఢిల్లీ హైకోర్టు చెప్పింది; అందుకే అభియోగాలు ఖరారయ్యాక బెయిల్ తెచ్చుకోవడం ఇంకా కష్టం. పిల్ల వయసెంత, ఇద్దరి మధ్య వయసు తేడా ఎంత, బెదిరింపు, హింస ఉన్నాయా అన్నవి కూడా చూడాలని ఆ తీర్పే చెప్పింది. పదిహేడేళ్ల అమ్మాయి, ఇరవై ఏళ్ల అబ్బాయి ఇష్టపడి వెళ్లిపోయిన కేసునీ, ఆరేళ్ల పాపను ఇంట్లోవాడే హింసించిన కేసునీ జడ్జి ఒకేలా చూడరు, చూడకూడదు కూడా. రెండో దాంట్లో నిందితుడు బయటికొస్తే అదే ఇంటికి వస్తాడు, పాప చేత మాట మార్పించడం ఎంతసేపు?

బాధిత కుటుంబాలు ఒకటి గుర్తుంచుకోండి. పదహారేళ్లలోపు బాలికపై అత్యాచారం కేసైతే బెయిల్ విచారణలో ఫిర్యాదుదారు గానీ, వాళ్ల తరఫున అధికారం ఉన్నవాళ్లు గానీ ఉండి తీరాలి. నోటీసు రాకుండానే బెయిల్ ఇచ్చేస్తే, రద్దు చేయమని పైకోర్టుకు వెళ్లొచ్చు.