లిబ్‌ఈఏవై32 డీఎల్ఎల్ లేదంటోంది, సైట్ నుంచి దించి వేసుకోవచ్చా?

వద్దండీ, దించకండి. షాపు కంప్యూటర్‌లో బిల్లింగ్ ప్రోగ్రామ్ తెరిస్తే ‘లిబ్‌ఈఏవై32.డీఎల్ఎల్ కనబడలేదు’ అని వస్తోందని, ఒక సైట్‌లో ఆ ఫైల్ ఉచితంగా ఉందని, విండోస్ సొంత ఫైళ్లుండే సిస్టమ్32 ఫోల్డర్‌లో వేస్తే సరిపోతుందా అని అడిగారు. నేను సరిగ్గా ఇదే పని చేసి మండపేట వైపు ఒక రైస్ మిల్లు వాళ్లని రెండు రోజులు ఇబ్బంది పెట్టాను.

ముందు అసలు ఈ ఫైళ్లేంటో చెప్తాను. మన డెల్టాలో ప్రతి రైతూ ధవళేశ్వరం దాకా సొంత కాలువ తవ్వుకోడు కదా, ఆనకట్ట దగ్గర మొదలైన కాలువలోంచే తూముల మీదుగా బోదెల్లోకి, అక్కణ్ణుంచి చేలల్లోకి నీళ్లు పారతాయి. విండోస్‌లో నెట్ పని కూడా అలాగే. ప్రతి ప్రోగ్రామూ ఆ పనంతా సొంతంగా రాసుకోకుండా అందరికీ ఉమ్మడిగా ఉన్న డీఎల్ఎల్ ఫైళ్లని పిలుస్తుంది. డబ్ల్యూఎస్2_32 అనేది పెద్ద కాలువ లాంటిది, కనెక్షన్ తెరవడం, డేటా పంపడం, అందుకోవడం దాని పని. డీఎన్ఎస్ఏపీఐ సైట్ పేరుని ఐపీ అడ్రస్‌గా, అంటే దాని నంబర్‌గా మార్చిపెడుతుంది. విన్‌ఇనెట్, విన్‌హెచ్‌టీటీపీ వెబ్ పేజీలు తెచ్చిపెడతాయి. ఇవన్నీ విండోస్‌తోనే వస్తాయి, పాడైతే విండోసే బాగుచేసుకోవాలి.

మీది ఆ గుంపులోది కాదు. లిబ్‌ఈఏవై32 ఓపెన్ఎస్ఎస్ఎల్ అనే లైబ్రరీలోది, నెట్‌లో వెళ్లే డేటాని ఎన్‌క్రిప్ట్ చేసే (ఇతరులు చదవలేకుండా మార్చే) పనికి ప్రోగ్రామ్ తయారుచేసినవాళ్లు తమతో తెచ్చుకుని, మామూలుగా తమ ఫోల్డర్‌లోనే పెట్టుకుంటారు. ఇన్‌స్టాల్ మధ్యలో ఆగినా, యాంటీవైరస్ దాన్ని తీసి పక్కన పెట్టినా, ఎవరైనా ప్రోగ్రామ్‌ని తెరిచే ఎక్స్‌ఈ ఫైల్ ఒక్కటే పెన్‌డ్రైవ్‌లో వేసుకుని వేరే కంప్యూటర్‌లోకి తెచ్చినా ఈ ఎర్రర్ వస్తుంది.

ఇక మిల్లు సంగతి. దాళ్వా కోతల టైం, బయట ధాన్యం ట్రాక్టర్లు బారులు తీరి ఉన్నాయి, బిల్లింగ్ తెరుచుకోవట్లేదని కబురొస్తే వెళ్లాను. ఒక సైట్ నుంచి ఇదే ఫైల్ దించి సిస్టమ్32లో వేశాను. మార్పేమీ లేదు. ఎందుకంటే 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు, 32 బిట్ వాటికి సిస్‌వావ్64 అని వేరే ఫోల్డర్ ఉంటుంది (పేర్లు చూస్తే తిరగేసినట్టు ఉంటాయి, చాలామంది ఇక్కడే పొరపాటు పడతారు). ఆ ప్రోగ్రామేమో 32 బిట్. ఇంకో సైట్ నుంచి దించి ఈసారి ప్రోగ్రామ్ ఫోల్డర్‌లోనే వేస్తే 7బీతో ముగిసే కోడ్‌తో కొత్త ఎర్రర్ వచ్చింది, 32 బిట్ ప్రోగ్రామ్‌కి 64 బిట్ ఫైల్ దొరికితే అలా వస్తుంది. మూడోదానితో ప్రోగ్రామ్ తెరుచుకుంది గానీ దాని ఇన్‌స్టాలర్‌తో పాటు యాడ్‌వేర్ కూడా దిగింది, బ్రౌజర్ తెరిస్తే చాలు యాడ్ పేజీలే.

యాంటీవైరస్‌తో దాన్ని తీయించాక నెట్ మొత్తం ఆగిపోయింది. ఐపీ నంబర్‌తో పింగ్ చేస్తే (అవతలి కంప్యూటర్ అందుతోందో లేదో చూసే కమాండ్) జవాబొస్తోంది, బ్రౌజర్‌లో ఒక్క పేజీ రాదు. ఆ యాడ్‌వేర్ విన్‌సాక్ (ప్రోగ్రాములు నెట్‌లోకి వెళ్లడానికి విండోస్ ఇచ్చే దారి) మధ్యలో తన డీఎల్ఎల్‌ని ఒక పొరగా దూర్చుకుంది, యాంటీవైరస్ ఆ ఫైల్‌ని తీసేసింది గానీ దారిలో దాని పేరు అలాగే ఉండిపోయింది. ఇది కనిపెట్టేసరికి రెండో రోజు సాయంత్రమైంది, అప్పటిదాకా గుమస్తాగారు కాటా బిల్లులన్నీ చేత్తో రాశారు. చివరికి కమాండ్ ప్రాంప్ట్‌ని అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి ‘నెట్‌ఎస్‌హెచ్ విన్‌సాక్ రీసెట్’ కొట్టి రీస్టార్ట్ చేస్తే నెట్ వచ్చింది. నేను దించిన ఫైళ్లన్నీ తీసేసి, వాళ్ల బీరువాలో ఉన్న అసలు సీడీతో ప్రోగ్రామ్ మళ్లీ ఇన్‌స్టాల్ చేస్తే పది నిమిషాల్లో పనైపోయింది. ఆ పది నిమిషాల పని మొదటే చేయాల్సింది.

ఇంకో మాట, ఇది చిన్న విషయం కాదు. 2016లో వచ్చిన 1.1.0 వెర్షన్ నుంచి ఓపెన్ఎస్ఎస్ఎల్‌లో ఈ ఫైల్ పేరే లిబ్‌క్రిప్టోగా మారింది. అంటే లిబ్‌ఈఏవై32 పేరుతో దొరికేదంతా పాత సరుకే. మెమరీలోని రహస్య డేటా బయటికి లీకయ్యేలా చేసిన, 2014లో బయటపడ్డ హార్ట్‌బ్లీడ్ లోపం ఓపెన్ఎస్ఎస్ఎల్ 1.0.1 నుంచి 1.0.1ఎఫ్ దాకా ఉంది, మీరు దించేది అలాంటి పాత వెర్షన్‌లోది కాదని ఎవరు చెప్తారు? బిల్లులు, కస్టమర్ల వివరాలు వెళ్లేది ఆ ఫైల్ మీదుగానే.

కాబట్టి ముందు ప్రోగ్రామ్ డేటా ఫోల్డర్‌ని పెన్‌డ్రైవ్‌లోకి కాపీ చేసుకోండి, ఈ మెట్టు మాత్రం దాటేయకండి. యాంటీవైరస్ తీసి పక్కన పెట్టిన ఫైళ్ల (క్వారంటైన్) లిస్టులో ఆ ఫైల్ ఉందేమో చూడండి. లేకపోతే ప్రోగ్రామ్ అమ్మినవాళ్లనే అడిగి కొత్త వెర్షన్ వేయించుకోండి. ‘ఎస్ఎఫ్‌సీ స్కాన్‌నౌ’ అనే కమాండ్ కొట్టమని కొందరు చెప్తారు, అది విండోస్ సొంత ఫైళ్లకే పనికొస్తుంది, మీ ఫైల్‌ని తేలేదు.