ఉజ్బెక్ సినిమా చూడాలనుకుంటే అలీ ఖమ్రాయెవ్‌తో మొదలుపెట్టండి

ఉజ్బెకిస్తాన్‌లో చెప్పుకోదగ్గ దర్శకులు ఉన్నారా, ఉంటే ముందుగా ఏ సినిమా చూడాలి అని అడిగారు. మన దేశంలో చాలామందికి తెలిసిన ఉజ్బెక్ దర్శకుడు లతీఫ్ ఫైజియెవ్. ధర్మేంద్ర, హేమమాలిని నటించిన 1980 నాటి అలీబాబా సినిమాను ఉమేష్ మెహ్రాతో కలిసి తీసింది ఆయనే. కానీ మీరు అడిగిన ప్రశ్నకు నా జవాబు మాత్రం అలీ ఖమ్రాయెవ్.

ఉద్యోగం పని మీద కొన్నాళ్లు సమర్‌ఖండ్‌లో అద్దెకున్నాను. మా ఇంటి ఓనరమ్మ ఆయన సినిమాలంటే ప్రాణం పెట్టేది. నాకు వచ్చిన రష్యన్ అంతంత మాత్రం, అయినా రాత్రి భోజనాలయ్యాక ఆవిడ పక్కన కూర్చుని చూస్తూ ఉంటే కథ అర్థమైపోయేది.

ఖమ్రాయెవ్ 1937లో తాష్కెంట్‌లో పుట్టారు. తండ్రి ఎర్గాష్ ఉజ్బెక్ సినిమా తొలి తరం నటుడు, రచయిత. రెండో ప్రపంచ యుద్ధానికి వెళ్లి తిరిగి రాలేదు. కొడుకు మాస్కోలోని ప్రసిద్ధ సినిమా విద్యాలయం వీజీఐకేలో చదివి, 1960లలో తాష్కెంట్‌లోని ఉజ్బెక్‌ఫిల్మ్ స్టూడియోలో సినిమాలు తీయడం మొదలుపెట్టారు.

ముందు 'ఏడో తూటా' (1972) చూడండి. 1920లలో బోల్షెవిక్‌లను ఎదిరించిన మధ్య ఆసియా తిరుగుబాటుదారులు బస్మాచీల కాలం నాటి కథ. మక్సుమోవ్ అనే పోలీసు కమాండర్ మనుషులంతా శత్రువు వైపు వెళ్లిపోతారు. వాళ్లతో మాట్లాడి వెనక్కి తెచ్చుకోవాలని ఆయన కావాలనే శత్రువుకు పట్టుబడతాడు. హాలీవుడ్‌కు కౌబాయ్ సినిమాలెలాగో అప్పటి సోవియట్ జనానికి ఈ తరహా సినిమాలు అలా. గుర్రాలు, కొండలు, తుపాకులు అన్నీ ఉంటాయి, టెన్షన్ ఎక్కడా తగ్గదు. హీరోగా చేసిన కిర్గిజ్ నటుడు సుయిమెన్‌కుల్ చొక్మొరోవ్ ముఖం చూస్తేనే సగం కథ తెలుస్తుంది.

దాని తర్వాత 'భయం లేకుండా' (1971). ఆడవాళ్ల చేత ముసుగు తీయించాలని 1927లో సోవియట్ ప్రభుత్వం పెద్ద ఉద్యమం నడిపింది. ముసుగు తీసిన చాలామందిని సొంత ఊరివాళ్లే, సొంత బంధువులే చంపేశారు. ప్రభుత్వ డబ్బుతోనే తీసినా, పైనుంచి వచ్చిన ఆర్డర్‌కు ఊళ్లో ఎవరు ప్రాణంతో వెల కట్టాల్సి వచ్చిందో ఈ సినిమా దాచదు. నాకు ఖమ్రాయెవ్ మీద గౌరవం కలిగింది ఇక్కడే.

ఓనరమ్మకు అన్నిటికన్నా ఇష్టమైంది 'త్రిపుటి' (1979). యుద్ధం అప్పుడే ముగిసిన రోజులు. భర్త అనుమతి కోసం ఎదురుచూడకుండా ఒక చదువురాని అమ్మాయి తానే ఇల్లు కట్టుకోవాలనుకుంటుంది. ఆ సన్నివేశాలు వచ్చినప్పుడు ఆవిడ టీవీ ఆపేసి, వాళ్లమ్మ మట్టి ఇటుకలు ఎలా పోసేదో, గడ్డి ఎంత కలపాలో, ఎండలో ఎలా తిప్పాలో చేతులతో చూపించేది. ఈ సినిమాకు ఇటలీలోని శాన్‌రేమో చిత్రోత్సవంలో గ్రాండ్ ప్రి వచ్చింది.

అదే ఏడాది తజిక్‌ఫిల్మ్ కోసం 'అంగరక్షకుడు' తీశారు. పట్టుబడిన బస్మాచీ నాయకుణ్ణి కొండలు దాటించే ప్రయాణం. రష్యన్ దర్శకుడు తార్కోవ్‌స్కీ తీసిన 'స్టాకర్'లో చేసిన నటులు కైదనోవ్‌స్కీ, సొలొనీత్సిన్ ఇద్దరూ ఇందులోనూ ఉన్నారు, సంగీతం కూడా దానికి చేసిన అర్తెమ్యెవ్‌దే. తార్కోవ్‌స్కీ అభిమానులు దీన్ని అస్సలు వదలకండి.

నా మటుకు నాకు ఆయన సినిమాల్లో గొప్పది 'నువ్వు నాకు గుర్తున్నావు' (1985). జబ్బుపడిన తల్లి కోరిక మీద కొడుకు సమర్‌ఖండ్ నుంచి రైలెక్కి, యుద్ధంలో పోయిన తండ్రి సమాధిని వెతుక్కుంటూ రష్యా వెళ్తాడు. తండ్రిని చిన్నప్పుడే పోగొట్టుకున్న దర్శకుడి సొంత బాధ ఇది. ఉజ్బెకిస్తాన్ నుంచి పది లక్షలకు పైగా మంది ఆ యుద్ధానికి వెళ్లారు. ఓనరమ్మ మేనమామ కూడా అలాగే వెళ్లాడట, ఎక్కడ పాతిపెట్టారో ఇంట్లో ఎవరికీ తెలియదు. అందుకే ఆ సినిమా పెట్టినప్పుడు ఆవిడ నాకేమీ వివరించేది కాదు, నేనూ అడిగేవాణ్ణి కాదు.

సోవియట్ యూనియన్ పోయాక స్టూడియోలకు డబ్బు ఆగిపోయింది. ఆయన 1998లో ఇటలీ వాళ్లతో కలిసి 'బో బా బు' తీశారు, అది నాకు అంతగా ఎక్కలేదు.

నేను చెప్పిన వరుసలోనే చూడండి. యాక్షన్ ఉన్న 'ఏడో తూటా'తో ఆయన తీసే పద్ధతి అలవాటైతే, 'నువ్వు నాకు గుర్తున్నావు'లోని నెమ్మది మీకు విసుగనిపించదు. సబ్‌టైటిల్స్ ఉన్న ప్రింటే వెతుక్కోండి.