పాలసీ ఉన్నా లక్షా నలభై వేలు చేతి నుంచి ఎందుకు పడ్డాయి?

ప్రశ్న: మాది రాజోలు దగ్గర పల్లెటూరు. నాకు 41 ఏళ్లు. రెండెకరాల కొబ్బరి తోట, ఒక ఎరువుల కొట్టు ఉన్నాయి. ఇంట్లో అమ్మ (64), నాన్న (71), నేను, నా భార్య, ఇద్దరు పిల్లలు. నాలుగేళ్లుగా అందరికీ కలిపి 5 లక్షల ఫ్యామిలీ ఫ్లోటర్ పాలసీ ఉంది. ఏడాదికి 52 వేలు కడుతున్నాను. పోయిన నెల నాన్నకు గుండెలో స్టెంట్ వేశారు. రాజమండ్రిలో ఒక ప్రైవేటు ఆసుపత్రిలో 5 రోజులు ఉన్నాం. బిల్లు 3.70 లక్షలు. కంపెనీ ఇచ్చింది 2,27,600. మిగతా 1,42,400 నూటికి రెండు రూపాయల వడ్డీకి తెచ్చి కట్టాను. ఈ మాత్రానికి పాలసీ ఎందుకు, ఆ 52 వేలు ఏటా ఎఫ్‌డీ వేసుకో అంటున్నారు మా బావగారు. నాకూ అలాగే అనిపిస్తోంది. అమ్మకు మోకాలి ఆపరేషన్ చేయించాలన్నారు. కొబ్బరి దింపు డబ్బులు చేతికొచ్చాక చూద్దామని ఆగాం. రెన్యువల్‌కు ఇంకా రెండు నెలలుంది. మానేయమంటారా?

జవాబు: మానేయకండి. మీ కోపం న్యాయమైనదే, కానీ అది పాలసీ మీద కాదు, అందులోని రెండు షరతుల మీద ఉండాలి. మీరు బిల్లు, సెటిల్‌మెంట్ లెటర్, పాలసీ మొదటి పేజీ ఫొటోలు పంపడం మంచిదైంది. అవి ముందు పెట్టుకునే రాస్తున్నాను.

మీ పాలసీలో గది అద్దె పరిమితి బీమా మొత్తంలో ఒక శాతం, అంటే రోజుకు 5,000. మీరు తీసుకున్న గది 8,000. రోజుకు మూడు వేలే కదా, ఐదు రోజులకు పదిహేను వేలు మనమే పెట్టుకుందాం అనుకుని ఉంటారు. చాలామంది అక్కడే పప్పులో కాలేస్తారు. గది అద్దె పరిమితి దాటితే కోత అద్దెకే పరిమితం కాదు. డాక్టర్ ఫీజు, నర్సింగ్, ఆపరేషన్ థియేటర్ చార్జీల్లాంటివి కూడా అదే నిష్పత్తిలో తగ్గుతాయి. ఎనిమిదిలో ఐదు అంటే 62.5 శాతం. మీ బిల్లులో ఆ పద్దులు మొత్తం 1,40,000 ఉన్నాయి. వాటికి కంపెనీ ఒప్పుకున్నది 87,500 మాత్రమే. గది అద్దె 40,000లో 25,000. మందులు, స్టెంట్, పరీక్షలకు ఈ కోత వర్తించదు కాబట్టి ఆ 1,72,000 పూర్తిగా ఒప్పుకున్నారు. గ్లవ్స్, మాస్కులు, అడ్మిషన్ చార్జీల్లాంటి వాటికి అయిన 18,000 అసలు లెక్కలోకే రాలేదు. ఇప్పటికి 2,84,500 తేలింది. దీని మీద రెండో షరతు: 60 దాటినవారికి 20 శాతం కో-పే. అంటే 56,900 మీ వాటా. అది తీసేస్తే 2,27,600. కంపెనీ లెక్క తప్పలేదు, పైసాతో సహా సరిపోయింది.

అదే 5,000 గదిలో ఉండి ఉంటే? మిగతా చార్జీలన్నీ అంతే అనుకున్నా మీ చేతి నుంచి పడేది 85,400. పదిహేను వేల ఖర్చు అనుకున్న గది చివరికి 57 వేలకు తేలింది. నిజానికి తేడా ఇంకా ఎక్కువే ఉండొచ్చు, ఎందుకంటే చాలా ఆసుపత్రుల్లో గది స్థాయి పెరిగితే డాక్టర్ విజిటింగ్ ఫీజు కూడా పెరుగుతుంది. అడ్మిషన్ కౌంటర్లో ‘ఇన్సూరెన్స్ ఉందా? అయితే డీలక్స్ ఇద్దామా?’ అని అడిగేవాళ్లు ఈ కోత సంగతి చెప్పరు. పాలసీ కాగితం ఇంట్లో బీరువాలో ఉంటుంది, మనం ఆసుపత్రిలో ఉంటాం. ఆ మొదటి పేజీ ఫొటో మీ ఫోన్లోనూ, మీ ఆవిడ ఫోన్లోనూ ఉండాలి.

ఇక బావగారి ఎఫ్‌డీ లెక్క. ఏటా 52 వేలు, 7 శాతం వడ్డీ అనుకుంటే పదేళ్లకు ఏడు లక్షల పైన పోగవుతుంది. వినడానికి బాగానే ఉంది. కానీ రెండో ఏడు చివరికి ఉండేది లక్షా పదిహేను వేలు. గుండెనొప్పి పదో ఏడు దాకా ఆగి రాదు కదా. పైగా నాలుగేళ్లలో మీరు కట్టింది ఎక్కువలో ఎక్కువ 2.08 లక్షలు, ఒక్క క్లెయిమ్‌లో వచ్చింది 2.27 లక్షలు. ఇంకో సంగతి, నాన్నగారి పాలసీ ఇప్పుడు వదిలేస్తే స్టెంట్ పడిన 71 ఏళ్ల మనిషికి కొత్త పాలసీ దొరకడం చాలా కష్టం. అన్ని వయసులవారికీ పాలసీలు ఉండాలని 2024లో బీమా నియంత్రణ సంస్థ ఐఆర్‌డీఏఐ చెప్పిన మాట నిజమే. అయినా ఇవ్వాలో లేదో, ఎంత ప్రీమియానికి ఇవ్వాలో కంపెనీ ఇష్టం. ఇచ్చినా ముందునుంచీ ఉన్న జబ్బులకు 36 నెలల వరకు వెయిటింగ్ (క్లెయిమ్ ఇవ్వని గడువు) పెట్టొచ్చు.

డబ్బు లెక్కలో కనిపించనిది ఇంకొకటి ఉంది. మన వైపు ఛాతీలో నొప్పి అనగానే ముందు గ్యాస్ అనుకుని సోడా తాగిస్తాం. తగ్గకపోతే ఊళ్లో ఆర్‌ఎంపీ. ఆ తర్వాత అడ్వాన్సుకు డబ్బెవరిస్తారా అని ఫోన్లు. ఈలోపు పూట గడిచిపోతుంది. మీరు నాన్నగారిని నేరుగా రాజమండ్రి తీసుకెళ్లగలిగారంటే, కార్డు చూపిస్తే చేర్చుకుంటారన్న ధైర్యం ఉండబట్టే. ఆ ధైర్యం సెటిల్‌మెంట్ లెటర్లో ఎక్కడా కనబడదు. అమ్మగారి మోకాలు దింపు డబ్బుల కోసం ఆగడం కూడా ఇలాంటిదే. చేతిలో పాలసీ ఉంది కాబట్టి డబ్బు కోసం ఆగక్కర్లేదు. దాని సంగతి చివర్లో చెబుతాను.

క్యాష్‌లెస్, అంటే ఆసుపత్రికి కంపెనీయే నేరుగా కట్టే పద్ధతి, అన్నిచోట్లా ఒకేలా దొరకదు. కంపెనీ నెట్‌వర్క్ జాబితా తీసి, రాజమండ్రి, అమలాపురం, కాకినాడలతో పాటు భీమవరం, పాలకొల్లు కూడా చూడండి. చించినాడ వంతెన దాటితే పాలకొల్లు మీకు దగ్గరే. సఖినేటిపల్లి పంటు (రేవు దాటించే పడవ) మీద నరసాపురం వెళ్లే దారి మాత్రం గోదావరికి వరదొస్తే మూతపడుతుంది కాబట్టి ఎమర్జెన్సీకి దాన్ని లెక్కలో పెట్టుకోవద్దు. ఏటికి ఇటొకటి, అటొకటి ఆసుపత్రి ఎంచుకుని, గుండె, పక్షవాతం కేసులు చూస్తారో లేదో ముందే ఫోన్ చేసి కనుక్కోండి. డిశ్చార్జి రోజు సాయంత్రం దాకా కూర్చోబెట్టారని కూడా రాశారు. 2024 నిబంధనల ప్రకారం క్యాష్‌లెస్ అభ్యర్థన వచ్చిన గంటలోపు, డిశ్చార్జి బిల్లు అందిన మూడు గంటల్లోపు కంపెనీ తేల్చాలి. ఆ ఆలస్యం వల్ల ఆసుపత్రి అదనంగా వేస్తే అది కంపెనీయే భరించాలి. ఈసారి గడియారం చూసి అడగండి.

ఇప్పుడు వెంటనే చేయాల్సిన పని. మీ పాలసీలో ఆసుపత్రిలో చేరడానికి ముందు 30 రోజులు, డిశ్చార్జి తర్వాత 60 రోజుల ఖర్చులకు కవర్ ఉంది. స్టెంట్‌కు ముందు చేయించిన ఈసీజీ, ఎకో, యాంజియోగ్రామ్ విడిగా చేయించి ఉంటే దాని బిల్లు, ఇప్పుడు నెలనెలా కొంటున్న మందులు, చెకప్‌కు వెళ్లినప్పుడు ఇచ్చిన ఫీజు, ఇవన్నీ అడగొచ్చు. మీరు అడగలేదు. చాలామంది అడగరు, డిశ్చార్జితోనే క్లెయిమ్ అయిపోయిందనుకుంటారు. ప్రతి బిల్లుకూ డాక్టర్ చీటీ జతచేయండి. మెడికల్ షాపులో తెల్లకాగితం మీద రాసిచ్చేది చెల్లదు, పేషెంటు పేరు, బ్యాచ్ నంబరు ఉన్న బిల్లు అడిగి తీసుకోండి. గడువు ఎన్ని రోజులో పాలసీలోనే ఉంటుంది, దాటనివ్వకండి. 20 శాతం కో-పే ఇక్కడా కోస్తారు, అయినా వచ్చిందే లాభం. ఆ అరవై రోజులు దాటాక మందులు మీ ఖర్చే. మన బీమా చాలావరకు ఆసుపత్రిలో పడుకుంటేనే ఇస్తుంది. రోజూ మింగే బిళ్లకు ఇవ్వదు. డాక్టర్‌ను అడిగి అవే మందులు జన ఔషధి కేంద్రంలో తీసుకుంటే నెల ఖర్చు బాగా దిగుతుంది.

నాన్నగారికి ఆయుష్మాన్ వయ వందన కార్డు తీయించండి. 2024 అక్టోబరు నుంచి 70 ఏళ్లు నిండినవారికి ఆదాయంతో సంబంధం లేకుండా ఏటా 5 లక్షల వరకు వైద్యం ఇచ్చే కేంద్ర పథకం ఇది. ప్రైవేటు పాలసీ ఉన్నా ఇస్తారు, పాత జబ్బులకు వెయిటింగ్ లేదు, ఆధార్ ఉంటే చాలు. ఈ కార్డు సంగతి మీ ఏజెంటు చెప్పకపోవడంలో ఆశ్చర్యం లేదు, ఇందులో ఆయనకు కమిషన్ రాదు. అలాగే రాష్ట్ర పథకం: 2007లో ఆరోగ్యశ్రీగా మొదలైంది, ఇప్పుడు ఎన్టీఆర్ వైద్య సేవ. మీ కొట్టు, తోట కలిపి ఏడాది ఆదాయం 5 లక్షల లోపైతే సచివాలయంలో అర్హత అడగండి. పరిమితి 25 లక్షలు, పెద్ద జబ్బుకు అది కొండంత అండ. అలాగని దాన్ని నమ్ముకుని పాలసీ వదిలేయమని చెప్పలేను. బకాయిలు రాలేదని ప్రైవేటు ఆసుపత్రులు సేవలు ఆపిన రోజులు చూశాం. జాబితాలో ఉన్న చికిత్సకే, జాబితాలో ఉన్న ఆసుపత్రిలోనే అది పనికొస్తుంది. రెండూ ఉంచుకోండి.

రెన్యువల్లో కొన్ని మార్పులు కావాలి. ఫ్లోటర్లో ప్రీమియం అందరికంటే పెద్దవారి వయసును బట్టి పడుతుంది. అంటే మీ పిల్లల కవర్‌కు కూడా 71 ఏళ్ల వయసే కొలమానం అవుతోంది. అమ్మానాన్నలను పాత పాలసీలోనే ఉంచి, మీ నలుగురికి విడిగా గది అద్దె పరిమితి లేని 10 లక్షల ఫ్లోటర్ తీసుకోండి. దీన్ని కొత్త పాలసీగా కాక, ఇదే కంపెనీలో విడదీయమని గానీ, వేరే కంపెనీకి పోర్ట్ చేయమని గానీ అడిగితే, పాత 5 లక్షల కవర్ మేరకు ఇప్పటికే గడిచిన నాలుగేళ్ల వెయిటింగ్ కాలం మీ ఖాతాలోనే ఉంటుంది. పోర్టబిలిటీకి రెన్యువల్‌కు 45 రోజుల ముందే దరఖాస్తు చేయాలి, కాబట్టి మీకు చేతిలో ఉన్నది రెండు వారాలే. పెద్దవాళ్ల పాలసీలో కొంత ఎక్కువ కట్టి కో-పే తీయించుకునే వీలుందా, గది పరిమితి పెంచుతారా అని రాతపూర్వకంగా అడగండి. అరవై దాటినవారికి ప్రీమియం ఏడాదిలో 10 శాతానికి మించి పెంచాలంటే కంపెనీ ముందుగా ఐఆర్‌డీఏఐని సంప్రదించాలి, ఇది 2025 జనవరి నుంచి ఉన్న నియమం. 2025 సెప్టెంబరు 22 నుంచి వ్యక్తిగత ఆరోగ్య పాలసీల మీద జీఎస్టీ లేదు. మీ నోటీసులో మూల ప్రీమియం ఎంత పెరిగిందో పాతదానితో పోల్చి చూడండి.

మీ ఆవిడకు థైరాయిడ్ ఉన్నా పాలసీ తీసుకున్నప్పుడు ‘ఎందుకండీ అవన్నీ’ అని ఏజెంటు రాయనివ్వలేదన్నారు. ఇది నాకు స్టెంట్ బిల్లుకంటే ఎక్కువ టెన్షన్ పెట్టింది. ఆగకుండా 60 నెలలు కట్టాక, మోసమని రుజువైతే తప్ప, చెప్పలేదన్న సాకుతో కంపెనీ క్లెయిమ్ కొట్టేయలేదు. మీకు ఇంకా ఆ గడువు నిండలేదు. ఇప్పుడే మెయిల్లో తెలియజేసి, జవాబు దాచుకోండి. ప్రీమియం కొంచెం పెరిగినా సరే. ఎప్పుడైనా క్లెయిమ్ అన్యాయంగా కొట్టేస్తే ముందు కంపెనీ గ్రీవెన్స్ (ఫిర్యాదుల) విభాగానికి రాయండి. నెలలో తేలకపోతే బీమా ఫిర్యాదులు తేల్చే హైదరాబాద్‌లోని ఇన్సూరెన్స్ అంబుడ్స్‌మన్‌కు రాయొచ్చు, ఫీజు లేదు. పక్కనున్న యానాం వాళ్లు పుదుచ్చేరి కిందకు వచ్చినా వాళ్లదీ అదే ఆఫీసు.

అప్పు సంగతి. 1,42,400కు నూటికి రెండు అంటే నెలకు 2,848, ఏడాదికి 34 వేల పైమాటే. ఇంట్లో బంగారం ఉంటే బ్యాంకులో పెట్టి పది శాతం అటూఇటూ వడ్డీకి తీసుకుని దీన్ని ముందు తీర్చేయండి. బంగారం బయటికి తీయడం ఇష్టం ఉండదని తెలుసు, కానీ 24 శాతం వడ్డీ కన్నా అదే నయం. ఆ తర్వాత దింపు వచ్చినప్పుడల్లా కొంత పక్కన పెట్టి లక్ష రూపాయల ఎఫ్‌డీ చేసుకోండి. బావగారి మాట ఇక్కడ పనికొస్తుంది: కో-పే, గ్లవ్స్ ఖర్చు, తోడున్నవాళ్ల భోజనాలు, కారు కిరాయి, ఇవేవీ పాలసీ ఇవ్వదు.

అమ్మగారి మోకాలు: మోకాలి మార్పిడికి పాలసీల్లో సాధారణంగా 24 నెలల వెయిటింగ్, కొన్నింట్లో 36. మీకు నాలుగేళ్లు కావస్తున్నాయి కాబట్టి ఆ అడ్డు లేదు. దీనికి విడిగా పరిమితి ఏమైనా ఉందేమో పాలసీలో చూడండి. ఈ ఏడాది 5 లక్షల్లో నాన్నగారికి 2,27,600 పోగా మిగిలింది 2,72,400. రెండు నెలలు ఆగినా ఫరవాలేదని డాక్టర్ అంటే రెన్యువల్ తర్వాత పెట్టుకోండి, అప్పుడు 5 లక్షలూ మళ్లీ నిండుగా ఉంటాయి. ఆగొద్దంటే ఇప్పుడే చేయించండి, 5,000 దాటని గదిలో.