పక్కింటి ‘భాభీ’తో పరాచికాలు

ప్రశ్న: మాది తెనాలి. మావారి ఉద్యోగరీత్యా ఆరేళ్లుగా కాన్పూర్‌లో ఉంటున్నాం. ఈమధ్య ఆయన ‘భాభీజీ ఘర్ పర్ హై’ అనే హిందీ కామెడీ సీరియల్‌ని మొదటి ఎపిసోడ్ నుంచీ మళ్లీ చూస్తున్నారు. అప్పట్నుంచీ పక్కింటావిడ పిట్టగోడ దగ్గర కనిపిస్తే చాలు, గొంతు మార్చి ‘భాభీజీ’ (వదినగారూ) అంటూ మొదలుపెడతారు. నేను బయటికి రాగానే నీళ్ల మోటారు సంగతి ఎత్తుకుంటారు. అడిగితే, ‘సీరియల్ చూసి నవ్వుతావు, నేనంటే ఏడుస్తావేం?’ అంటున్నారు. నాది వట్టి అనుమానమేనా?

జవాబు: కాదమ్మా. మీ ఉత్తరంలో నన్ను పట్టేసింది ఆ నీళ్ల మోటారే.

2015 మార్చిలో మొదలైన ఆ సీరియల్ కథ మీ కాన్పూర్‌లోనే నడుస్తుంది. పనీపాటా లేని విభూతికి పక్కింటి అంగూరీ మీద మోజు. ఆమె మొగుడు, లోదుస్తుల వ్యాపారి తివారీకేమో విభూతి భార్య అనిత మీద. ఒకణ్ని తప్పుపడదామంటే రెండోవాడూ అదే పనిలో ఉంటాడు. ఎవరి ఆశా తీరదు, పైగా ఇద్దరూ అభాసుపాలవుతారు. అందుకే నవ్వొస్తుంది. దూరదర్శన్‌లో 1990ల్లో వచ్చిన ‘శ్రీమాన్ శ్రీమతి’దీ ఇదే కిటుకు. మీ ఇంట్లో ఆ లెక్క కుదరదు. సరదా ఆయనది, కడుపుమంట మీది.

మనవైపు వదినలతో వేళాకోళాలు లేవా? బోలెడు. కానీ అవి పెళ్లిపందిట్లో, వడ్డన దగ్గర, అత్తగారు వింటుండగానే సాగుతాయి. మీవారి మాట మీ అడుగుల చప్పుడు వినగానే మారుతోంది. తేడా అక్కడుంది.

సీరియల్ మానమని మాత్రం అనకండి. అంగూరీ ‘సహీ పకడే హై’ (సరిగ్గా పట్టేశారు) అంటే నేనూ నవ్వుతాను. పక్కింటావిడనీ నిలదీయొద్దు. ఆవిడ సరదాపడుతోందో, మొహమాటానికి భరిస్తోందో మీకు తెలీదు కదా. ఆయన తీరిగ్గా కాఫీ తాగుతున్నప్పుడు, ‘నిన్న నేను రాగానే మోటారు సంగతి ఎందుకెత్తారు?’ అని ఒక్క మాట అడిగి ఊరుకోండి. సీరియల్ ఊసు, పాత గొడవలు తేవద్దు. ‘ఏదో సరదాకి’ అంటే, ‘అయితే నా ముందే అనండి, నేనూ నవ్వుతాను’ అనండి. మీ ముందు అనలేని మాట ఏదో ఆయనకే తెలుస్తుంది.

దానికీ వెటకారమే చేస్తే, లేదా వ్యవహారం గోడ దాటి ఫోన్ మెసేజ్‌లదాకా పోతే, అప్పుడు ఇద్దరూ కలిసి కౌన్సెలర్‌ని కలవాల్సిందే. ముందు ఆ కాఫీ వేళ ఆయన ఏమన్నారో నాకు రాయండి.