ఫిలిప్పా ఫుట్ మీద పేపర్ రాసే ముందు

అమ్మాయీ,

సెమినార్ పేపర్‌కు నీతిశాస్త్రం మీద రాసిన ఇంగ్లండ్ తత్వవేత్త ఫిలిప్పా ఫుట్‌ను ఎంచుకున్నావని చదివి చాలా సంతోషించాను. అయితే నీ ఉత్తరం నిండా ట్రామ్ గోలే. అదుపు తప్పిన ట్రామ్, ముందున్న పట్టాల మీద అయిదుగురు, పక్క పట్టాల మీద ఒక్కడు, ఎటు తిప్పాలో డ్రైవరు తేల్చుకోవాలి. ఎంతమంది చస్తారు, ఎంతమంది బతుకుతారు అన్న దగ్గరే ఆగిపోతే ఆమె అడిగిన ప్రశ్న నీకు అందదు.

1967లో గర్భస్రావం మీద రాసిన వ్యాసంలో వస్తుంది ఆ ఉదాహరణ. దాని పక్కనే ఒక జడ్జి కూడా ఉన్నాడు, అతన్ని అందరూ మరిచిపోతారు. నేరస్థుణ్ణి చూపకపోతే ఒక వర్గంవాళ్ల మీద పడి చంపుతామని అల్లరిమూక బెదిరిస్తోంది. ఏ పాపం ఎరగని ఒకణ్ణి ఉరితీయిస్తే మిగతావాళ్లు బతుకుతారు. డ్రైవరు ట్రామ్‌ను మళ్లించవచ్చు అంటాం, జడ్జి మాత్రం ఆ పని చెయ్యకూడదంటాం. ఎందుకు? ఒకరికి హాని చెయ్యకూడదన్న బాధ్యత, ఆదుకోవాలన్న బాధ్యత కంటే గట్టిదని ఆమె జవాబు. డ్రైవరు ఎటు తిప్పినా హాని తప్పదు కాబట్టి తక్కువ హాని వైపు తిప్పుతాడు. జడ్జి కొందరిని కాపాడటానికి తానే ఒకణ్ణి చంపిస్తున్నాడు. ఈ రెండింటినీ విడదీసి చదవకు.

నువ్వు మొదలుపెట్టాల్సింది 1945 నుంచి. నాజీ క్యాంపుల ఫొటోలు బయటికొచ్చిన రోజులవి. 'ఇది చెడ్డది' అనడం మన వైఖరి చెప్పడమే తప్ప అందులో నిజమూ అబద్ధమూ ఉండవని అప్పటి ఆక్స్‌ఫర్డ్‌లో పెద్దపెద్దవాళ్లు వాదిస్తున్నారు. ఆ ఫొటోలు చూశాక ఆమె దాన్ని ఒప్పుకోలేకపోయింది. అక్కడి సోమర్‌విల్ కాలేజీలో తోటి తత్వవేత్త ఎలిజబెత్ ఆన్స్‌కోంబ్‌తో ఏళ్ల తరబడి వాదించి పదునెక్కింది. 1950ల చివర రాసిన వ్యాసంలో ఒక చిన్న ప్రశ్న ఉంది: గంటకు మూడుసార్లు చేతులు కలిపి పట్టుకోవడం మంచి పని అని ఎవరైనా అంటే, దానికి అర్థమేముంది? దానివల్ల ఎవరికేం మేలో చెప్పకుండా 'మంచి' అనడం కుదరదు. నా మటుకు నాకు ట్రామ్ కన్నా ఇదే గొప్ప ఉదాహరణ.

జీవిత విశేషాలు ఒక్క పేరాలో సరిపెట్టు. 1920లో పుట్టింది, పేదల్ని ఆదుకునే ఆక్స్‌ఫామ్ సంస్థకు తొలినాళ్ల నుంచీ పనిచేసింది, 1969లో సోమర్‌విల్ ఉద్యోగం వదిలి తర్వాత లాస్ ఏంజెలెస్‌లో పాఠాలు చెప్పింది, 2010లో తన పుట్టినరోజునే పోయింది. అమెరికా అధ్యక్షుడి మనవరాలన్న సంగతి నీ పేపర్‌కు అక్కర్లేదు.

ఆమె మనసు మార్చుకున్న చోట మాత్రం తొందరపడకు. నీతి నియమాలు మర్యాదల్లాంటివే, వాటిని లెక్కచెయ్యనివాణ్ణి హేతుబుద్ధి లేనివాడు అనలేమని 1972లో ఒక వ్యాసంలో రాసింది. 2001లో, ఎనభై ఏళ్ల వయసులో, 'నేచురల్ గుడ్‌నెస్' పుస్తకంలో ఆ మాట వెనక్కి తీసుకుంది. ఓక్ చెట్టుకు గట్టి వేర్లు ఎలా అవసరమో మనుషులకు మాట నిలుపుకోవడమూ అలాగే అవసరమంది.

ఆ రెండు రచనలూ పక్కపక్కన పెట్టుకుని చదువు. ఆమె వెనక్కి తగ్గడం సరైనదేనా అన్నది ఒక పేజీలో రాసి ముందు నాకు పంపు. పాత వాదంలో ఇంకా బలముందని నా అభిప్రాయం, కానీ నువ్వేమంటావో వినాలనుంది.

ఆశీస్సులతో,
మీ మాస్టారు