శెనక్కాయ చేను, కార్ల చేను

చి. భార్గవికి,

మామ ఆశీస్సులు. నువ్వు పంపిన రెండు ఆఫర్ లెటర్లూ ప్రింటు తీయించుకుని చదివినా. "ఏది మేలు మామా, ఒక్క మాట చెప్పు" అని నువ్వు ఫోన్లో అడిగితే నాకు నోరు పెగల్లేదు. ఒక్క మాటలో తెమిలేది కాదది. అందుకే రాస్తా ఉండా.

రెండూ యూరప్‌లో స్లొవాకియా దేశంలోనివే. నాకు అర్థమైనంత వరకు మొదటిది పెద్ద కార్ల ఫ్యాక్టరీలో అసెంబ్లీ లైను పని, ఏజెన్సీ పంపే బయటి మనిషిగా. రెండోది జిలినా ఊరి దగ్గర నూటనలభై మంది ఉండే ప్రెస్ షాపులో, అంటే రేకును నొక్కి కారు పార్టులు చేసే చోట, డై మెయింటెనెన్సు, నేరుగా కంపెనీ మనిషిగా. డై అంటే రేకుకు ఆకారమిచ్చే ఉక్కు అచ్చు. మొదటిదాంట్లో నెలకు 250 యూరోలు ఎక్కువ. మీ అమ్మకు అదే నచ్చింది, కారు పేరు నలుగురికీ చెప్పుకోవచ్చని. అక్క మాటకు ఎదురు చెప్పాలంటే నాకు ఇప్పటికీ భయమే. ఈసారి మాత్రం తప్పదు. రెండోది తీసుకో. ఎందుకో చెప్తా.

స్లొవాకియాలో నేను పదకొండేళ్ళు ఉన్నా. 2008లో మద్రాసు పక్కన నేను పనిచేసే కొరియా కంపెనీ వాళ్ళు "జిలినాలో మా కొత్త షాపులో డైలు చూసుకునేదానికి మనిషి కావల్ల" అని పంపినారు. ఆ ఊరి పేరు అప్పటిదాకా వినిందే లేదు. ఇప్పుడు నువ్వు పెనుకొండ దగ్గర కియాకు పార్టులు చేసే కంపెనీలో ఉన్నావు కాబట్టి నీకు ఆ పేరు కొత్త కాదు. మన పెనుకొండ ఫ్యాక్టరీలో కార్లు మొదలైంది 2019లో. జిలినాలో 2006 చివర్లోనే మొదలైనాయి.

ఆ దేశం ఎట్లాంటిదో నీకు ఎకానమీ లెక్కలతో చెప్పేకంటే మన చేనుతో చెప్తే తొందరగా తెలుస్తుంది. మీ తాత నాలుగెకరాలకూ శెనక్కాయే వేసేవాడు. ఊరంతా అదే, జిల్లా అంతా అదే. వాన పడితే పెండ్లిండ్లు, పడకపోతే బెంగళూరు బస్సు. స్లొవాకియాలో శెనక్కాయకు బదులు కారు. 54 లక్షల జనం, మన హైదరాబాదు కంటే తక్కువ. ఏడాదికి చేసేది దగ్గర దగ్గర 10 లక్షల కార్లు. తలకు ఇన్నని లెక్కేస్తే ప్రపంచంలో అంతకంటే ఎక్కువ చేసే దేశం లేదు. బ్రాటిస్లావాలో ఫోక్స్‌వాగన్ 1991లో వచ్చింది. 2006లో త్ర్నవాకు ప్యూజో, జిలినాకు కియా వచ్చినాయి. 2018లో నిత్రాకు ల్యాండ్ రోవర్ వచ్చింది. తూర్పున కొషిత్సే దగ్గర వోల్వో కూడా ఫ్యాక్టరీ కడతా ఉంది.

వీటిలో ఒక్కటీ వాళ్ళది కాదు, గమనించు. జర్మనీ వాళ్ళది ఒకటి, ఫ్రాన్సు నుంచి వచ్చింది ఒకటి, కొరియాది ఒకటి. ల్యాండ్ రోవర్ మన టాటా వాళ్ళది. వోల్వో పేరుకు స్వీడన్, సొమ్ము చైనా వాళ్ళది. ఏ మోడల్ ఏ ఊర్లో చెయ్యాలి, ఎన్నేళ్ళు చెయ్యాలి అనేది తేలేది ఇంకెక్కడో ఆఫీసులో. చేను వాళ్ళదే, చాకిరీ వాళ్ళదే. విత్తనం, ధర మాత్రం పరాయివాళ్ళ చేతిలో. దీనివల్ల వాళ్ళు చెడిపోయినారని నేను అనను. కార్లు రాకముందు ఆ లోయల్లో పని లేక జనం ఎంత అల్లాడినారో నాకు వాళ్ళే చెప్పినారు. కాకపోతే ఒక్క పంట మీద బతికే ఊర్లో కూలికి పోయేవాడు ఆకాశం చూడటం నేర్చుకోవల్ల.

ఆకాశం ఎట్లా మారుతుందో నేను అక్కడికి పోయినాక ఏడాది తిరక్కముందే చూసినా. 2009 జనవరి 1న వాళ్ళకు యూరో వచ్చింది. వాళ్ళ పాత డబ్బు కొరునా, 30.126 కొరునాలకు ఒక యూరో. కొత్త నోట్లు జేబులో ఇంకా మడత పడనే లేదు, రష్యాకూ ఉక్రెయిన్‌కూ గ్యాసు దగ్గర తగాదా వచ్చి పైపులో గ్యాసు ఆగిపోయింది. బయట మంచు. ప్రభుత్వం అత్యవసర పరిస్థితి పెట్టి ఫ్యాక్టరీలు గ్యాసు తగ్గించుకోవల్లని చెప్పింది. పెద్ద ప్రెస్సులు రోజులకు రోజులు చప్పుడు లేకుండా నిలబడినాయి. దాని వెనకే ప్రపంచమంతా మాంద్యం. యూరప్‌లో కార్లు కొనేవాడు లేడు. అప్పుడు అక్కడి చట్టంలో ఫ్లెక్సికొంటో అని ఒకటి తెచ్చినారు. పని లేనప్పుడు ఇంట్లో ఉండు, జీతం ఇస్తాం, ఆర్డర్లు వచ్చినాక ఆ గంటలు కట్టు అని. కంపెనీ మనుషులు ఆ పద్ధతిలో నిలబడినారు. ఏజెన్సీ మనుషులకు ఆ భాగ్యం లేదు. మా షాపులో ముప్పై మంది దాకా ఏజెన్సీ వాళ్ళుంటే ఒక్క శుక్రవారం మధ్యాహ్నం షిఫ్టుతో అందరి గేటు కార్డులూ పనిచెయ్యడం మానేసినాయి. వాళ్ళుండే హాస్టల్ ఏజెన్సీదే. అద్దె చివరి జీతంలో కోసుకున్నారు.

నీ 250 యూరోలు ఎక్కువ అనేది ఆ కార్డు ధర. నీకు ఇంకో చిక్కుంది. నువ్వు యూరప్ మనిషివి కావు. నీ నివాస పర్మిటు ఆ ఉద్యోగానికి కట్టి ఉంటుంది. ఉద్యోగం పోతే కూలి ఒక్కటే పోదు, కాలు పెట్టేదానికి చోటూ పోతుంది.

ఆకాశం గ్యాసుతోనే మారాలని లేదు. 2022లో కరెంటు ధర మండిపోతే జియార్ నాద్ హ్రోనోమ్ అనే ఊర్లో అల్యూమినియం కరిగించే ఫ్యాక్టరీ స్లొవాల్కో, కరిగించే పనే ఆపేసింది. ఆ కుండలు ఒకసారి చల్లారి గడ్డకట్టినాయంటే మళ్ళీ వెలిగించడం స్విచ్చి వేసినంత సులువు కాదు. 2025లో అమెరికా సుంకాలొచ్చినాయి. ఇంగ్లండులో చేసిన ల్యాండ్ రోవర్‌కు ఒక హద్దు వరకు 10 శాతం, నిత్రాలో చేసిన డిఫెండర్‌కు 15 శాతం. కంపెనీ ఒకటే, బ్యాడ్జీ ఒకటే, పుట్టిన ఊరిని బట్టి పన్ను. అదే ఏడాది సెప్టెంబరులో ఆ కంపెనీ కంప్యూటర్ల మీద దాడి జరిగితే ఇంగ్లండుతో పాటు నిత్రాలోనూ లైను ఆగింది. నిత్రాలో బోల్టు బిగించేవాళ్ళు చేసిన తప్పు ఇందులో ఏమన్నా ఉందా, చెప్పు.

మరి రెండో ఆఫర్‌ ఎందుకు మేలు? అది చెప్పాలంటే మా మైస్టర్ గురించి చెప్పల్ల. మైస్టర్ అంటే అక్కడ షాపు ఫోర్‌మన్. నేను పోయేటప్పటికి ఆయనకు యాభై ఎనిమిదేళ్ళు. కుర్రతనంలో మార్టిన్ ఊర్లో ట్యాంకుల ఫ్యాక్టరీలో చేసినాడు. వాహ్ నది చుట్టుపక్కల మార్టిన్, దుబ్నిత్సా, పొవాజ్‌స్కా బిస్త్రిత్సా, అన్నీ ఆయుధాల ఊర్లు. సోవియట్ కూటమికి ట్యాంకులు పోయేవి. అప్పుడు ఆ పంట అది. 1989లో కమ్యూనిస్టు పాలన కూలినాక కొనేవాడే లేడు, పైగా ఆయుధాలు మానేస్తామని పైన ప్రభుత్వం చెప్పింది. వేల మంది రోడ్డున పడినారు. ఆయన్ను నేను ఒకసారి అడిగినా, నువ్వెట్లా బతికినావని. "ట్యాంకు బిగించేవాడికి ట్యాంకు కావల్ల. నేను టూల్ చేసేవాడిని. ఇనుముకు ఏం చేస్తున్నామో తెలియదు" అన్నాడు. మధ్యలో కొన్నాళ్ళు వంటగిన్నెల డైలు చేసినాడంట, ఇంకొన్నాళ్ళు టీవీ పెట్టెలవి. ఆ తర్వాత కార్ల తలుపులు.

డై ముఖానికి నీలం పూసి, ప్రెస్ మూసి తెరిచి, ఎక్కడ తగిలిందో ఎక్కడ తగల్లేదో చూసి, నూరో వంతు మిల్లీమీటరు చేత్తో గీకే పని నాకు నేర్పింది ఆయనే. మద్రాసులో నేర్చుకున్నాననుకున్నది ఆయన ముందర ఓనమాలే. నీకు ఆ చెయ్యి ఉంది పాపా, నేను చూసినా. పోయిన ఉగాదికి మీ ఇంట్లో కుట్టుమిషను కత్తెర సాన పట్టినావు చూడు, అప్పుడే అనుకున్నా.

ఇప్పుడు మళ్ళీ పంట మారే కాలం. పెట్రోలు, డీజిలు పోయి కరెంటు కార్లు వస్తా ఉన్నాయి. జిలినాలో కియా వాళ్ళు 2025లో ఈవీ4 మొదలుపెట్టినారు. కరెంటు కారుకు సైలెన్సరు ఉండదు, పెట్రోలు ట్యాంకు ఉండదు, గేరుబాక్సు ఉన్నా పేరుకే. వాటి మీద బతికే షాపులు జిలినా చుట్టుపక్కల చాలా ఉన్నాయి. తలుపు, టాపు, అడుగు రేకు మాత్రం ఏ కారుకైనా కావల్ల. కాబట్టి నీకు వీడియో కాల్ ఉందన్నావే, దాంట్లో జీతం మాట చివర్న ఎత్తు. మొదట అడగాల్సింది, మీరు చేసే పార్టులు ఏవి, ఏ మోడల్‌కు, ఆ మోడల్ ఏ ఏడాది మొదలైంది అని. ఒక మోడల్ ఆరేడేళ్ళు నడుస్తుంది. ఐదో ఏడాదిలో ఉందంటే, తర్వాతి మోడల్ పార్టు మీకు దక్కిందా అని నిర్మొహమాటంగా అడుగు. దక్కి ఉంటే వాళ్ళే గొప్పగా చెప్తారు. నీళ్ళు నమిలితే నీకు అర్థమైపోతుంది. డైలు మీ షాపులోనే చేస్తారా, కొరియా నుంచో చైనా నుంచో వస్తే రిపేరు మాత్రం చేస్తారా అనేది కూడా అడుగు. కొనేవాళ్ళు ఎందరు? ఒక్క కియానే అయితే కాస్త ఆలోచించు. సరిహద్దు దాటితే చెక్ వాళ్ళ నొషొవిత్సేలో హ్యుందాయ్ ఉంది. రెండింటికీ చేసే షాపు అయితే మేలే.

టూల్ రూమ్‌లో, అంటే డైలు చేసి బాగుచేసే గదిలో, సగటు వయసు ఎంత అని కూడా అడుగు. వాళ్ళు నవ్వుతారు. పరవాలేదు. యాభైఐదు పైనే ఉంటుంది, అందుకే నిన్ను పిలుస్తున్నారు. ఆ ముసలోళ్ళు పింఛనుకు పోయేలోపల వాళ్ళ చేతి కింద చేరడమే నీ అసలు జీతం.

కాగితాల సంగతి క్లుప్తంగా రాస్తా. జీతం అని రాసిన అంకెలో దాదాపు పావు వంతు బీమాలకూ పన్నుకూ పోతుంది, చేతికొచ్చేది అడిగి తెలుసుకో. వాళ్ళ కనీస జీతం 2025లో 816 యూరోలు, నీ అంకెను దానితో పోల్చి చూడు. ప్రొబేషన్ మూడు నెలలకు మించకూడదు. మూడు షిఫ్టుల పని అయితే వారానికి 37.5 గంటలే, మన ఓటీ లెక్కలు అక్కడికి తీసుకుపోవద్దు. సెలవు ఏడాదికి నాలుగు వారాలు, ముప్పైమూడేళ్ళు వస్తే ఐదు. డిగ్రీకి అపోస్టిల్, అంటే విదేశాల్లో చెల్లేదానికి వేసే సర్కారు ముద్ర, ఇక్కడే చేయించుకో. అక్కడి భాషలోకి మార్చేది మాత్రం వాళ్ళ దగ్గర ప్రమాణం చేసిన అనువాదకుడే చెయ్యల్ల, ఇక్కడ ఎవడో టైపు కొట్టిస్తానంటే డబ్బులివ్వద్దు. నివాస పర్మిటు చూసే ఫారిన్ పోలీసు ఆఫీసు ముందర నా కాలంలో తెల్లారకముందే క్యూ ఉండేది. ఇప్పుడు ఎట్లుందో పోయేముందే కనుక్కో.

ఒక సంగతి ఎవరూ ముందే చెప్పరు. ఎండాకాలంలో, క్రిస్మస్‌కు ఫ్యాక్టరీ మొత్తం మూస్తారు. అందరూ ఊర్లకు పోతారు. మెయింటెనెన్సు వాళ్ళకు అప్పుడే అసలు పని, లైను ఆగినప్పుడే కదా డై విప్పేది. నేను మొదటి ఏడాది తెలియక క్రిస్మస్‌కు టికెట్టు కొని, క్యాన్సిల్ చేసుకుని, మీ అత్తతో తిట్లు తిన్నా. నువ్వు సంక్రాంతికి పెట్టుకో, అప్పుడు ఎవరూ అడ్డం రారు.

భాష నేర్చుకో. ఆఫీసులో ఇంగ్లీషు నడుస్తుంది, టూల్ రూమ్‌లో నడవదు. "పోజొర్" అని కేక వినబడితే ఆలోచించకుండా చెయ్యి వెనక్కి తీసుకో. జాగ్రత్త అని అర్థం. ఒక ఆడపిల్ల వచ్చి డై ముందు నిలబడితే ఆ పెద్దమనుషులు మొదటి నెల మాట్లాడరు. నువ్వు కూడా మాట్లాడొద్దు, పని చూపించు. మధ్యాహ్నం క్యాంటీన్లో వేయించిన చీజు ముక్క ఉంటుంది, వీప్రాజనీ సిర్ అంటారు. మాంసం తినవు కాబట్టి మొదటి ఆరు నెలలు నీకు అదే దిక్కు. హలుష్కి అని ఆలుగడ్డ పిండి ముద్దలు చేసి గొర్రెపాల చీజు కలిపి పెడతారు. వాసనకు భయపడకుండా నాలుగుసార్లు తిను. ఐదోసారి సంగటి మాదిరి అలవాటవుతుంది. పైన పంది కొవ్వు ముక్కలు చల్లుతారు, వద్దని ముందే చెప్పు. ఊరిబిండి మాత్రం రెండు కిలోలు కట్టించుకో.

మీ అమ్మతో నేను మాట్లాడతా. బావకు ముందే చెప్పి పెట్టు, నన్ను ఒంటరిగా వదలొద్దని. ప్రెస్ షాపు ఆఫర్లో రెండో పేజీ ఫొటో మసకగా వచ్చింది, కాంట్రాక్టు ఎన్నేళ్ళకో కనబడలేదు. మళ్ళీ తీసి ఆదివారం లోపల పంపించు.

మీ మామ